జనరేటర్ చప్పుడు

పెంటోజీ మాస్టర్ వాయించేముందు
రీడు నాలుక మీద పెట్టుకుని కాసేపు ఊరుకుంటాడు.
నా దగ్గరున్న తొంభై గంటల ఫుటేజీలో
పదకొండు గంటలు ఆ ఊరుకోవడమే.

అఫ్జల్‌గంజ్‌లో బ్యాండు దుకాణం, పైన రేకులు,
గోడకి వరసగా ఎర్రకోట్లు,
లోపలి మనుషులు దిగి వెళ్లిపోయినట్టు.
నాలుగు నెలలు అక్కడే కూచున్నాను.
మొదటి వారం కెమెరా వైపు చూసి నవ్వేవాడు.
రెండో వారం జుట్టుకి రంగేసుకొచ్చాడు.
మూడో నెలలో నన్ను మరిచిపోయి
కట్టుడుపళ్లు తీసి గ్లాసులో వేశాడు.
అప్పుడనుకున్నాను, సినిమా మొదలైందని.

బరాత్ రాత్రులు వెనక్కి నడవడం నేర్చుకున్నాను.
ముజీబ్ నా బెల్టు పట్టుకుని లాగుతుంటే
మెట్రో పిల్లర్లు ఒక్కొక్కటే నా వీపు వెనకనుంచి వచ్చి
మాస్టర్ తల వెనక్కి వెళ్లిపోయేవి.
గుర్రం, దాని మీద నిద్రమొహం పెళ్లికొడుకు,
నోట్లు తిప్పే బావమరుదులు.
వాళ్లందరి మధ్య క్లారినెట్ ఒక్కటే
ఎవరితోనో విడిగా మాట్లాడుతున్నట్టుండేది.
ఎవరితో అని నేను అడగలేదు.

చిక్కడపల్లిలో, మా అక్క వాళ్ల మేడ మీది గదిలో
ఎడిటింగ్.
ప్రతి పాట కిందా సన్నటి గీ,
జనరేటర్ బండి చప్పుడు.
బియ్యంలో రాళ్లు ఏరినట్టు
పన్నెండు రాత్రులు ఏరేశాను.
ఎంత శుభ్రంగా వచ్చిందో!
క్లారినెట్ ఒక్కటే, చుట్టూ నలుపు.

మాస్టర్ చూశాడు.
తన మొహం వచ్చినప్పుడల్లా తల దించుకుని
చివర్న అడిగాడు:
"బాలమణి ఏది?"
ఎవరు?
"లైటు మోస్తది గదా బిడ్డా, నా ఎడమ దిక్కు.
ముందుగాల ఆమెనే కూనిరాగం తీస్తది.
నేను ఎంబడి పోత.
ఇరవై ఆరేండ్లాయె."

తీసేసిన చప్పుడు మళ్లీ పెట్టుకుని విన్నాను.
గీ మంటున్నది నిజంగా జనరేటరే.
దాని కింద, ముక్కుతో,
నెత్తిన బరువుకి మెడ కదపకుండా
ఎవరో క్లారినెట్‌కి అర అడుగు ముందు నడుస్తున్నారు.

తొంభై గంటలూ వెతికాను.
మోచేయి ఉంది. ఒకచోట గాజులు.
ఒకచోట కుచ్చిళ్లు ఎగదోపుకున్న కాళ్లు, పక్కన వైరు.
ప్రతి ఫ్రేములోనూ ఆ మనిషి మోసిన వెలుగుంది.
నేను దాన్ని ఎక్స్‌పోజర్ అని రాసుకున్నాను.

మొన్న గౌలిగూడలో పట్టుకున్నాను ఆమెను.
నెత్తి మీది చుట్టకుదురు సర్దుకుంటూ
"నన్ను తీస్తే ఆయన మీద చీకటి పడతది గద" అంది.
నిజమే. ఆ లైటు ఆమె వైపు తిరగాలంటే
ఇంకెవరో మొయ్యాలి.

కెమెరా ముజీబ్‌కిచ్చాను.
లైటు నా నెత్తిన పెట్టారు.
మెడ తిప్పడానికి లేదు.
షాటు ఎలా వచ్చిందో ఇంకా చూడలేదు.
పెళ్లివాళ్లెవరో మాత్రం
"ఏయ్ అమ్మా, జర పక్కకి" అన్నారు.