పెద్దమంట మీద

ముందు బాణలికి పట్టిన తుప్పు వదలగొట్టాలి.
నిన్న రాత్రే తోమి, నూనె రాసి, బోర్లించాను.
అయినా సముద్రం దాన్ని వెతుక్కుంటూ వచ్చింది.
జ్ఞానాపురంలో ఇనుము ఒక్క రాత్రి కూడా నిద్రపోదు.
డబ్బాలో ఉప్పు ఎప్పుడూ తడిగానే ఉంటుంది.

ఏడు కావడానికి ఐదు నిమిషాలు.
ఎనిమిదింటికి నైట్ డ్యూటీ.
సిలిండరు పక్కకి వంచితే గానీ పలకడం లేదు,
ఈ పూట గడుపుతుందో లేదో.

కంచరపాలెం గేటు దగ్గర కొన్న అరకిలో
మధ్యాహ్నం నించీ ఫ్రీజర్‌లో ఉంది.
సగం గడ్డకట్టిన ముక్కే కత్తి మాట వింటుంది,
మెత్తబడిందా, జారిపోతుంది.
నారకి అడ్డంగా, తమలపాకంత పల్చగా కోస్తాను.
కొవ్వు అంచు తియ్యను.
మిరియాల పొడి, సోయా సాసు, చెంచాడు మొక్కజొన్న పిండి.
అరకు నించి దిగిన క్యారెట్లకి ఇంకా ఎర్రమట్టి ఉంది.
బీన్సు ఏటవాలుగా. క్యాబేజీ చేత్తో చింపేస్తాను,
ఎవరు చూడొచ్చారు.

మా అమ్మ దీనమ్మ ఇదే మాంసం వండితే
మూడు గంటలు.
పెరట్లో మూడు రాళ్ళు, సరుగుడు కట్టెలు,
మూతలో నీళ్ళు పోసిన కుండ.
పొగ మా ఇంటిపేరు చెప్పుకుంటూ వీధంతా తిరిగేది.
కుళాయి దగ్గర అవతలి వీధివాళ్ళు
బిందెలు కాస్త ఎడంగా జరుపుకునేవారు.
అమ్మ అటు చూసేది కాదు.
"ఉడకనీయే గుంటా, కూరెక్కడికి పరిగెడతాది" అనేది.

నేను పది నిమిషాల్లో కానిచ్చేస్తాను.
నేర్పింది లాల్‌థన్‌పుయి, ఐజాల్ పిల్ల,
మా వార్డులోనే సిస్టరు.
వచ్చిన తెలుగులోనే చెప్పింది:
"మంట పెద్ద. ముక్కలు తక్కువ. నువ్వు గమ్మున ఉండు."

నూనె పొగలు కక్కేదాకా ఆగి
ముక్కలు ఒక్కొక్కటీ పరిచి, గరిటె కింద పెట్టేస్తాను.
అదే కష్టం, ఏమీ చెయ్యకుండా నిలబడటం.
గుంపుగా వేస్తే నీరూరి ఉడుకుతాయి,
చోటిస్తే వేగుతాయి.
అంచులు బెల్లం రంగుకి తిరగ్గానే తీసి పక్కన పెట్టి
అదే కొవ్వులో అల్లం, వెల్లుల్లి, చీల్చిన పచ్చిమిర్చి.
క్యారెట్టు. కాసేపాగి బీన్సు.

కెజియా గుమ్మంలో కూచుని షూ లేసులు విప్పుకుంటోంది.
బీచ్ రోడ్డు కోల్డ్ స్టోరేజీలో దీన్నే
ప్లాస్టిక్కులో చుట్టి, మూడింతల ధర అంటించి
పోర్క్ అంటారు.
"మొన్న బాక్సులో ఏంటని అడిగితే ఏం చెప్పావే?"
"పోర్క్ అన్నాను. అందరూ తలా ముక్కా తీసుకున్నారు."
"పంది అనుంటే?"
లేసు చేతిలోనే ఆగింది.
"మొత్తం నాకే మిగిలేది" అని నవ్వింది.
నాకు నవ్వు రాలేదు. తర్వాత వచ్చింది.

ఈ కిటికీ నేనెప్పుడూ తియ్యను.
పోర్టు బొగ్గు దుమ్ము, గిన్నెల మీద పడుతుంది అంటాను.
నిజమే, గడప వేలితో రాస్తే నల్లగా వస్తుంది.
ఆ నిజం వెనక ఇన్నేళ్ళూ ఇంకోటి దాక్కుందని
ఈ పూట మిరపఘాటుకి కళ్ళు మండి
గడియ లాగినప్పుడు గానీ తోచలేదు.

వాసన నాకంటే ముందు బయటికి దూకింది.
పై వాటాలోంచి సూరీడమ్మగారు వంగి,
"ఏటమ్మా వేపుతున్నావు?"
"పంది మాంసం, బీన్సు" అన్నాను,
కుళాయి దాకా వినపడేంత గట్టిగా.
పైన తలుపు చప్పుడైంది.
వేసుకున్నారో, తీసుకున్నారో
బాణలి మోతలో తెలీలేదు.

ముక్కలు వెనక్కి వేసి, క్యాబేజీ గుమ్మరించి,
రెండు చుక్కలు వెనిగర్.
సరిగ్గా అప్పుడే మంట పచ్చబడి, చిన్నదై, పోయింది.
పోనీ. ఇనుములో ఇంకా వేడుంది.
రెండు తిప్పులు చాలు.

వేడన్నం మీద వేసి కెజియాకిచ్చి
నా వాటా నిలబడే తిన్నాను, బాణలిలోంచే.
ఉప్పు కాస్త ఎక్కువైంది.
తడి ఉప్పుతో ఇదే బాధ, కొలత చిక్కదు.