బైరాగిపట్టెడలో మూకీ

మైకు మార్వాడీ కొట్లో కుదవలో ఉండాది.
అందుకే మా సినిమాకి మాటల్లేవు.
కళ అనుకున్నారు చూసినోళ్ళు.
మేమూ కాదనలేదు.

పేరుకు తగ్గ పేట మాది.
కింద మృదంగాలకు తోలు బిగించే ముసలాయన,
పక్కన సవరాలల్లే అక్కచెల్లెళ్ళు,
మెట్ల కింద, పరీక్ష తప్పిన ప్రతిసారీ
ఒక పద్యం రాసే ఎమ్మే పిల్లోడు.
మిద్దెమీద రేకుల గదిలో మేం నలుగురం,
మూడు చాపలు.

కెమెరా ఢిల్లీబాబుది, అంటే వాళ్ళ బావది.
కథ నాది:
కొండమీద గుండు చేయించుకుని దిగొచ్చిన ఒకామె
పటాలకు రంగులేసే ఒకడి గది తలుపు తడతాది.
గోడమీద ఆమె నీడకు అతను జడ గీస్తాడు.
దీపం జరిగితే నీడ పోతాది,
జడొకటే గోడకు మిగుల్తాది.

మొగిలీశ్వరి నిజంగానే గుండు చేయించుకునింది, దీనికోసమే.
వాళ్ళమ్మతో మాత్రం మొక్కని చెప్పింది.

ఆఖరి షాటు. గుమ్మంలో ఆగి, వెనక్కి తిరిగి
ఏదో అంటాది.
"నీ ఇష్టమొచ్చింది అను, ఎట్లా వినపడదు"
అనింది నేనే.
తర్వాత నల్ల అట్టమీద తెల్లరంగుతో రాసినాను:
"నా జడను నీ గోడకే వదిలిపోతా ఉన్నా."
రాసి, నేనే కండ్లు తుడుచుకున్నా.

దుప్పటి కట్టి వేసినాం ఆ రాత్రి.
దుప్పటి వెనక ఘాటు రోడ్డు దీపాలు.
ఆ అట్ట పడంగానే
సవరాల అక్కచెల్లెళ్ళు ముక్కులు చీదినారు.
అప్పుడు నవ్వినాడు, గట్టిగా,
పుట్టుచెవుడు టైలరు చెంగల్రాయుడు.

కొట్టేదానికే లేచినాను నేను.
ఆయన జేబులోంచి సుద్ద తీసి
ఎవరిదో ప్యాంటుగుడ్డ మోకాలిమీద పరిచి
ఆమె పెదాలు పలికింది పలికినట్టు రాసినాడు:
"ఆకలిగా ఉండాది."

ఆ పొద్దు టీ తప్ప ఏమీ లేదు.
ఉర్లగడ్డలకు పెట్టుకున్న డబ్బు
పెద్ద బల్బుకు పోసింది కూడా నేనే.
మొగిలీశ్వరి మూలన కూర్చోనుండాది,
అప్పుడప్పుడే మొలిచే వెంట్రుకల్ని
అరచేత్తో ఎదురు నిమురుకుంటా.
నా పక్క చూడలేదు.

ఢిల్లీబాబు చెప్పులేసుకుని
బస్టాండుకాడ ఇడ్లీబండికి పోయినాడు.
చెంగల్రాయుడు గుడ్డ దులిపినాడు.
సుద్ద పోయింది, అంతా పోలేదు.

ఆ అట్ట నాకాడే ఉండాది ఇంకా.
వెనకపక్క ఖాళీ.
రాద్దామని డబ్బా మూత తీస్తా,
రంగు గడ్డకట్టి ఉంటాది.