ఏడో అక్షరం

అంబాజీపేటలో రాత్రి తొమ్మిదిన్నరకి
నా ఉద్యోగం తెల్లారుతుంది.
ఇన్వర్టరు గుయ్యిమంటుంది.
పక్క కళ్లంలో తడిసి మగ్గిన కొబ్బరి పీచు వాసన
కిటికీ దాటి వచ్చి నా పక్కనే కూర్చుంటుంది.
నేను మడమలు విప్పుతాను.

ఎవరివో మడమలు. పేర్లు నల్లగా పూసేసి ఉంటాయి.
నిచ్చెన మీంచి పడ్డవి, మంచు మెట్టు మీద జారినవి,
గోడ దూకి పోలీసులకి దొరికిపోయినవి.
ఒక్కోదానికీ ఏడక్షరాల పేరు పెట్టాలి.
ఎస్ తొంభై రెండు, చుక్క, సున్నా. ఇక్కడిదాకా మడమ.
ఆపైన, చీలిక కీలులోకి పాకిందా,
ఆపైన, కుడా ఎడమా,
చిట్టచివర ఏడోది:
ఇప్పుడే వచ్చాడా, మానుతోందా,
మానక మొండికేసిందా,
వంకరగా అతుక్కుని అదే సరైనదనుకుంటోందా.

కాకినాడలో నేర్పిన మేడం
ఈ సంగతులు మేకుల్లా దిగ్గొట్టింది:
దెబ్బ తెరుచుకుందో లేదో రాయకపోతే మూసుకుందనే అనుకో.
ఎముక కదిలిందో లేదో రాయకపోతే కదిలిందనే అనుకో.
ఇంకేదీ అనుకోకు.
కాగితం మీద లేనిది జరగలేదు.

జరగలేదు. సరే.
పదకొండేళ్ల కిందట, ముసురులో, దింపు రోజున,
ముక్కామల కాలవగట్టు తోటలో
నలభై మూడో చెట్టు మీంచి
మా చిన్నాన్న భూలోకం
గెల పట్టుకున్న చేత్తోనే దిగిపోయాడు.
రెండు కాళ్ల మీదే పడ్డాడని అందరూ మెచ్చుకున్నారు, పిల్లిలాగ అని.
తోట రైతు ఆటోకి రెండొందలిచ్చి
కాయల లెక్క మాత్రం మర్చిపోకుండా అడిగాడు.
ఆసుపత్రికి కాదు, కట్టు కట్టేవాడి దగ్గరికి.
గుడ్డు సొన, మినప్పిండి, వెదురు బద్దలు.
ఫిల్ము లేదు. చీటీ లేదు.
కట్టు విప్పేసరికి కుడిది కుడిదిలాగే ఉంది,
ఎడమ మడమ పీటలా వెడల్పయింది.
అప్పట్నుంచి చెప్పులు రెండు జతలు కొంటాడు,
ఎనిమిదో నంబరొకటి, తొమ్మిదో నంబరొకటి.

"చెట్టుకి మడమతో పనే లేదే," అంటాడు,
గునపానికి కాయ గుచ్చుతూ.
"బంధం, మునివేళ్లు, అరికాలి వంపు. అంతే.
మడమ కిందున్నోళ్లకే."

నిన్న రాత్రి రెండింటికి
టార్గెట్ అయిపోయి, అడిగేవాళ్లు లేక
ఖాళీ గడిలో కొట్టాను.
ఎస్ తొంభై రెండు, చుక్క, సున్నా సున్నా రెండు. ఎడమ.
ఏడోది మళ్లీ ఎస్.
గాయం పోయాక కూడా పోనిదానికి ఆ అక్షరం.
దాని కింద, చెట్టు మీంచి పడినందుకు
డబ్ల్యూ పద్నాలుగు, చుక్క, మూడు ఎక్స్‌లు.
చెప్పడానికేమీ లేని చోట్లవి.
ఏడోది ఏడో చోటే కూర్చోవాలి గనక
నడుమ అలా నింపుతారు.
వాటికి అర్థం లేదంది మేడం.
వాటికేసి చాలాసేపు చూశాను.
అటక మీది చెప్పులు గుర్తొచ్చాయి,
ఎనిమిదో నంబరు ఎడమవి, తొమ్మిదో నంబరు కుడివి,
ఏ కాళ్లకీ కానివి,
పారేయబుద్ధి కానివి.

చార్టు నంబరు లేదని గడి ఎర్రబడింది.
చెరిపేశాను.

నిద్రపట్టక లేచొచ్చి గుమ్మం పట్టుకు నిలబడ్డాడు.
"ఎన్నిరిగాయే ఇయ్యాల?"
పద్దెనిమిది.
"ఇదెవరిది?"
ఎవరో ఆవిడ. డెబ్భై ఏళ్లు. బల్బు మార్చడానికి నిచ్చెనెక్కింది.
"ఒక్కత్తేనా?"
అది రాయలేదు.
"ఏ కాలు?"
కుడి.
చదువు రాని కళ్లతో తెరకేసి చూశాడు,
ఆవిడ అక్కడే ఎక్కడో ఉన్నట్టు.
"మెట్లెక్కేటప్పుడు మంచికాలు ముందెయ్యమను.
దిగేటప్పుడు దెబ్బకాలు.
రాయవే," అన్నాడు, "మర్చిపోతావు."