ద్వితీయ బహుమతి

పోర్టుకి ఎదురుగా మా ఆఫీసు.
కిటికీ తెరిస్తే సముద్రం రాదు, ఎర్రధూళి వస్తుంది.
అందుకే తెరవం.
ఏసీ గదిలో పదకొండుమందిమి
ఎవరి తెరకి వాళ్లం అతుక్కుని
ఎక్కడెక్కడి సరుకుకో ఇక్కడి ముద్రలు వేస్తుంటాం.

కాఫీ అంటే నాకు
కీబోర్డు పక్కన చల్లారిపోయే కాగితం కప్పు.
ఎప్పుడు తాగానో తెలీదు.
తాగానని తెలుస్తుంది,
అడుగున మీగడ ఎండిన గీత చూసి.
దానికి నేను పెట్టుకున్న పేరు విరామం.

మొన్న భాద్రపదంలో వాన.
గేటు దగ్గర కాలువ పొంగి మెట్ల దాకా నీళ్లు.
అసిరితల్లి చీర ఎగదోపి, చెయ్యి భుజం దాకా ముంచి
లాగింది: కప్పు.
మళ్లీ కప్పు.
కప్పులో కప్పు ఇరుక్కున్న కప్పులు.
ఒకదాని అంచున నా లిప్‌స్టిక్ రంగు.
వానకీ పోలేదు. మంచి కంపెనీది.
"కాయితం కాదేటి? నానదేటమ్మా ఇది?" అందామె.
లోపల సన్నటి ప్లాస్టిక్ పొర ఉంటుందని
ఎప్పుడో చదివాను,
అలాంటి కప్పులోనే తాగుతూ.
చెప్పలేదు.

ఆ రాత్రి అటక మీద దొరికింది,
అంచు సొట్టపోయిన స్టీలు గ్లాసు.
చుక్కలు చుక్కలుగా చెక్కిన అక్షరాలు:
ఖోఖో, ద్వితీయ, చి. సత్యవేణి, 8బి.
కశింకోట జట్టు చేతిలో ఓడి
మూడు రోజులు దీన్ని ముట్టుకోలేదు నేను.

ఇప్పుడు పదకొండుంబావుకి
ఆ గ్లాసుతో మేడెక్కుతాను.
ఫోను సొరుగులో.
తెర నిద్రపుచ్చి కాదు, ఆర్పేసి.
డిస్పాచి గుమాస్తా పాంగి లచ్చన్న ఫిల్టరు పట్టుకుని వస్తాడు.
వాళ్ల ఊరు అరకు దాటి ఇంకా లోపలికి.
మిరియం తీగ పాకిన చెట్ల నీడలో పండిన గింజలు,
వాళ్ల వదిన వేయించి పంపిన పొడి.
"బేగి తాగీకండి మేడం,
పువ్వు పండవడానికి తొమ్మిది నెలలు పట్టింది దానికి."
మనిషికి పట్టినంత.

గ్లాసు కాలుతుంది. చున్నీ చివరతో పట్టుకుంటాను.
ఊదాలి. ఆగాలి.
ఊదాలి.
డాల్ఫిన్ కొండ నీళ్లలో ముక్కు పెట్టుకుని అలాగే ఉంటుంది.
దాని పక్కనుంచి ఒక ఓడని
రెండు టగ్గులు చెరో చెవీ పట్టుకుని
బడెగ్గొట్టిన పిల్లాణ్ణి తెచ్చినట్టు తెస్తుంటాయి.
దాని కాగితాలు కింద నా టేబుల్ మీదే ఉన్నాయి.
ఇన్నేళ్లూ ఓడల్ని టన్నుల్లోనే చూశాను.
ఇది నీలం. కడుపు దగ్గర తుప్పు.
డెక్కు మీద ఎవరిదో ఎర్ర బనీను ఆరుతోంది.

మేనేజరు పైల సూర్యప్రకాశం గారు
మొదటివారం గడియారం చూశారు.
రెండోవారం, పైన గాలి బావుంటుందా అని అడిగారు.
మూడోవారం గ్లాసుతో వచ్చారు, వెండిది!
అంతా మారిపోలేదులెండి.
పదకొండుమందిలో అయిదుగురం.
మిగతా ఆరుగురి కప్పులూ బుట్టలో పడుతూనే ఉన్నాయి.
నేనేమీ అనను.
నా రంగంటిన కప్పు నాకు గుర్తుంది.

ఫిల్టరులో మిగిలిన పిప్పి
పాత పెయింటు డబ్బాలో కరివేపాకు మొక్కకి.
ఎర్రధూళి తుడిస్తే కింద ఆకుపచ్చ.
నాలుగు రెబ్బలు అడక్కుండానే తుంచుకుంటుంది అసిరితల్లి.
నిన్న తనూ కూచుంది పిట్టగోడ నీడలో.
చేతిలో గ్లాసు లేదు.
నాది కడిగి, నింపి ఇచ్చాను.
ఊదుతూ, చుక్కల అక్షరాలు వేలితో తడిమి
"ఏటి రాసున్నాది?" అంది.
"రెండోది అని."
"మరి మొదటిదెక్కడుందమ్మా?"

ఓడ కూత వేసింది.
ఇంకా నాలుగు నిమిషాలున్నాయి.