కొలత కోసం మనిషి

మారతహళ్ళి వంతెన పక్కన, ఆరో అంతస్తులో
ఏసీ చలికి శాలువా కప్పుకుని
ఎడారిలో రైలు స్టేషన్ గీస్తుంటాను నేను.
ఆ ఊరు ఎన్నడూ చూడలేదు.
దాని ఇసుక నాకొక రంగు నంబరు, అంతే.

కట్టడం ఎంత ఎత్తో తెలియడానికి
పక్కన ఒక మనిషిని నిలబెట్టాలి.
సాఫ్ట్‌వేర్‌లోనే దొరుకుతాడు,
ఐదడుగుల తొమ్మిదంగుళాలు, ముఖం ఉండదు.
నీడ పడాలా వద్దా అని మాత్రం అడుగుతుంది.

గొట్టం పోయి దూలానికి తగిలితే
స్క్రీన్ ఎర్రబడుతుంది.
ఎండ వచ్చి మనిషికి తగిలితే
ఏ రంగూ మారదు.

జూన్‌లో సైటు నుంచి ఫోటో వచ్చింది.
నలభై ఏడో స్తంభం, కడ్డీల మధ్య ఎడం తేడా, చూసి చెప్పమని.
జూమ్ చేశాను.
సెంట్రింగ్ చెక్క మీద సుద్దముక్కతో, వంకర తెలుగులో:
"సుంకన్నా, నీళ్ళ డబ్బా ఈడే పెట్నా. తాగు."

పక్క సీటు చిన్మయి కన్నడమేమో అనుకుని
కూడబలుక్కుంటూ 'నీళ్ళ' దాకా వచ్చి ఆగిపోయింది.
ఆ 'పెట్నా' మా ఆలూరు వైపుది.

జవాబు రాశాను: ఎడం నూటయాభై మిల్లీమీటర్లు ఉండాలి.
నీళ్ళ గురించి రాయడానికి
ఆ ఫారంలో గడి లేదు.

మూడు వారాలకు ఇంకో ఫోటో. కాంక్రీటు పోసేశారు.
స్తంభం నున్నగా ఉంది, చెక్కలు లేవు.
ఒక మూలన నీళ్ళ డబ్బా, మూత తీయనిది.
అదేనా? ఏమో.
డబ్బాలన్నీ ఒక్కలాగే ఉంటాయి.

నెలాఖరు నివేదిక.
ప్రమాదాలు సున్నా. సహజ మరణాలు రెండు,
వయసు ఇరవై తొమ్మిది, ముప్పై నాలుగు. కారణం: గుండె ఆగడం.
పేర్లు లేవు.
గుండె ఆగకుండా చచ్చినోడు యాడన్నా ఉన్నాడా అని
మా అవ్వైతే అడిగేది.
నేను ఫైలు సేవ్ చేశాను.

సాయంత్రం రింగు రోడ్డు మీద, మెట్రో పనుల దగ్గర
పచ్చ జాకెట్ల వాళ్ళు తలకు తట్టలు బోర్లించుకుని
వానలో నిలబడ్డారు.
వాళ్ళ మాట నాకు రాదు.
నా సీసా చాపితే ఒకతను నవ్వి
ఆకాశం వైపు చూపించాడు.

మర్నాడు నలభై ఏడో స్తంభం దగ్గర,
ఆ ముఖం లేనివాడి కాళ్ళ పక్కన
ఒక నీళ్ళ డబ్బా గీశాను.
చెకింగ్‌లో ఎర్రగా వెలిగింది:
అనవసర వస్తువు, తొలగించండి.

ఇంకా తీయలేదు.
శుక్రవారం దాకా గడువుంది.