మసకదూడ

దాన్ని మొదట గీసింది నేను కాదు.
సైదాపురం దోవలో, మూతబడిన అబ్రకం గని పక్కన
లారీల కాటా రాసే పిల్లోడెవరో
చీటీ వెనక గీసి, ఫోటో తీసి వదిలాడు:
మూడు కాళ్ళ దూడ,
ఒంటి మీద వెంట్రుకలకు బదులు అబ్రకం రేకులు,
కళ్ళుండాల్సిన చోట
కరెంటు పోయిన రెండు కిటికీలు.
కింద ఒకటే మాట: "ఇది ఎవర్నీ పిలవదు."

గూడూరు రైలు గేటు దగ్గర సెల్ షాపులో
పగిలిన అద్దాలు మార్చే పని నాది.
ఎవరి ఫోనో సరిచూసే నెపంతో
దూడకి నాలుగో కాలు గీశాను.
మర్నాటికి ఎవరో మర్యాదగా చెరిపేశారు.

అట్లా తెలిసినాయి కట్టుబాట్లు.
దాన్ని నవ్వించబాకండి. తల్లిని ఇవ్వబాకండి.
వాన గీయొచ్చు, తడిసినట్టు గీయబాకండి.
వెనకాల ఎక్కడో ఒక ట్యూబులైటు
వెలగాలా వద్దా అని కొట్టుకుంటా ఉండాల.

పదకొండు మందిమి.
పొదిలామె దాన్ని బోరు ఎండిన చేలో నిలబెడుతుంది,
కావలాయన ప్లాట్‌ఫాం చివర, బండి వెళ్ళిపోయాక.
గౌసియా (అసలు పేరు చెప్పింది ఒక్కతే)
పులికాటు నీళ్ళు దిగిన బురదలో గిట్టల గుర్తులు గీసి
"ఇవాళ ఇక్కడిదాకా వచ్చింది" అని రాస్తుంది.

ఏందే ఈ దిగులు బొమ్మలు, అన్నాడు మా అన్న.
ఊరికే కూచునే దిగులుకన్నా
గడ్డి తినే దిగులు మేలు గదన్నా.

తోక మాత్రం కాటా పిల్లోడిదే.
మేం ఎవరం గీసినా ఆ చోటు వదిలేస్తాం,
తెల్లారేలోగా వచ్చి పెట్టిపోతాడు,
ఒకసారి తెగిన పలుపులా,
ఒకసారి అగరొత్తి ఆరినాక లేచే పొగలా.

రొట్టెల పండగ ముందర నుంచి రావడం లేదు.

నిన్న ఆదివారం బస్సెక్కి పోయాను.
కాటా గదికి తాళం.
"ఏ పిల్లోడు మే? నెలకొకడు మారతాడు," అనింది టీ కొట్టామె,
గ్లాసు కడగడం ఆపకుండానే.
కిటికీ కమ్మీలు, గోడ, తలుపు వెనక... వెతికాను.
ఒక్క గీత లేదు.
నేలంతా మెరుస్తా ఉంది, కళ్ళు తెరవనీకుండా.

తిరుగు బస్సులో చూసుకుంటే
గోటి సందున ఒక రేకు.
ఊదినా పోలేదు.

రాత్రి అందరికీ రాశాను: పోయి చూశాను. లేడు.
చాలాసేపు ఎవరూ ఏమీ అనలేదు.
తర్వాత గౌసియా దూడని గీసింది.
తోక దగ్గర ఖాళీ
ఎప్పటికన్నా కొంచెం ఎక్కువ వదిలింది,
ఎంత పొడుగుదైనా పట్టేట్టు.