అరవై సెంట్లు

మర్త్సింకోనిస్ రైలుస్టేషన్ వెనక
ఒక రేకుల షెడ్డు, ఒక బల్ల, ఒక త్రాసు, నేను.
ఆగస్టు చివర్లో ఊరికంటే ముందు అడవి లేస్తుంది.
ఏడింటికల్లా బుట్టలు వరస కడతాయి.
బరవీకస్ కిలో ఆరు యూరోలు.
పురుగు పట్టిందైతే రెండు.
చేదుదైతే బల్ల కింద బకెట్టు.

ఎలా పోలుస్తావని అడుగుతారు విల్నియస్ నుంచి రైలు దిగినవాళ్లు,
చేతిలో ఫోనూ, కాళ్లకు కొత్త బూట్లూ.
చెబుతాను.
పైనుంచి చూడకండి, పైన రెండూ కవలలే,
అదే కాలిన రొట్టె రంగు, అదే బొద్దుతనం.
తలకిందులు చెయ్యండి.
మంచిదాని అడుగు లేతలో తెలుపు, ముదిరితే పసుపు, ఆపైన పాచిపచ్చ.
చేదుదానికి ముదిరేకొద్దీ గులాబీ తిరుగుతుంది,
జలుబు చేసిన పిల్ల ముక్కుకొసలా.
మరీ పసిదైతే ఆ రంగూ ఉండదు.
అప్పుడిక కాడ చూడాలి.
మంచిదాని మీద తెల్లదారపు వల, కంటికి ఆనీ ఆననట్టు.
చేదుదాని మీద గోధుమరంగు వల, ముతకది,
ముసలిచేతి నరాల్లా ఉబ్బి ఉంటుంది.
అప్పటికీ తేలకపోతే
గోరంత తుంచి నాలుక కొసన ఆనించండి.
మింగొద్దు. ఉమ్మెయ్యండి.
అది చంపదు.
కానీ ఒక్కటి పడిందా, కుండెడు పులుసూ పారబొయ్యాల్సిందే,
పండగపూట నోరు జారిన చుట్టంలా
ఉన్నదాన్నంతా తనలాగే చేసేస్తుంది.

పోయిన గురువారం తెక్లె వచ్చింది.
ఎనభై మూడేళ్లు. సైకిలు తొక్కదు, తోసుకొస్తుంది.
హ్యాండిల్‌కి బుట్ట, బుట్ట మీద తడి ఫెర్న్ ఆకులు.
ఈ బల్ల దగ్గర నాకంటే ముందు మా నాన్న కూచునేవాడు.
ఆమె బుట్టలోకి ఆయన తొంగిచూడగా నేనెప్పుడూ చూళ్లేదు,
ఎత్తి త్రాసులో పెట్టడమే.
నేనూ అలాగే పెట్టబోయాను.
పదకొండింటిలో ఏడోది
వేలికి గరుగ్గా తగిలింది.
తిప్పాను. గులాబీ.

ఆమె కళ్లవైపు చూశాను.
పట్టాల అవతల దేన్నో చూస్తున్నాయి,
లేదా దేన్నీ చూడ్డం లేదు.
మాట గొంతుదాకా వచ్చింది.
మింగేశాను.
నూరు గ్రాములు. అరవై సెంట్లు.
సైకిలు మలుపు తిరిగాక బకెట్లోకి.
ఆ రాత్రంతా ఒకటే ఆలోచన:
ఆ ఇంట్లో పులుసు రుచి చూసేదెవరు,
బావుందని చెప్పేదెవరు?

శుక్రవారం రాలేదు. శనివారం వాన.
ఆదివారం చర్చి గంట ఆగాక వచ్చింది, బుట్ట లేకుండా.
బల్ల మీద నాణేలు ఒక్కొక్కటే పెట్టింది:
ఇరవై. ఇరవై. ఇరవై.

"చేదుదాన్ని తూచావు," అంది.
"మీ నాన్న కొత్తగా కూచున్నప్పుడు ఆయనకీ ఒకటి ఇచ్చాను.
తీసి నా కాళ్ల దగ్గరికి విసిరాడు, పదిమందిలో.
అప్పట్నుంచీ ఆయన త్రాసు వంక నేను చూడలేదు,
నా బుట్ట వంక ఆయనా చూడలేదు.
నువ్వు తెలీక తూచావా, తెలిసే తూచావా?"

"తెలీక," అన్నాను.

ఆమె నా చెయ్యి అందుకుని
మెల్లగా వెల్లకిలా తిప్పింది,
అడుగు చూస్తున్నట్టు.
చాలాసేపు చూసింది.
ఆమె చేతి మీద గోధుమరంగు వల, ముతకగా, ఉబ్బి.
ఏమీ అనలేదు.

సోమవారం బుట్ట తెచ్చింది.
పన్నెండు.
ఒక్కొక్కటీ తిప్పి చూశాను, కాడ తడిమాను,
ఒకదాన్ని నాలుక మీద కూడా పెట్టుకున్నాను.
వెనక వరస సణుగుతోంది.
ఆమె మాత్రం తొందర పెట్టలేదు.